వదిన వెతికి తెచ్చిన గొంతు

చెడిపోయిన కంప్యూటరు ముందు కూర్చుంటే మా వదిన వెంటనే దేన్నీ విప్పదు. కుర్చీ దగ్గరగా లాక్కుని, తెరమీద ఉన్న ప్రతి మాటా పెదవులు కదుపుతూ చదువుతుంది. తర్వాత, తెచ్చినవాళ్ళను అడుగుతుంది: "ఇలా అవ్వకముందు ఏం చేశారు?" ఏమీ చెయ్యలేదంటారు వాళ్ళు. ఆమె నవ్వి ఊరుకుంటుంది. కాసేపటికి వాళ్ళే తల గోక్కుంటూ అసలు సంగతి చెబుతారు.

పెళ్ళికి ముందు ఆమె ఫోటోలు ప్రింటు వేసిచ్చే దుకాణంలో కౌంటరు చూసుకునేది. అక్కడి కంప్యూటరు మాటిమాటికీ మొరాయించేది. బాగుచేసే ఆయన వచ్చినప్పుడల్లా పక్కన నిలబడి ఇదెందుకు, అదెందుకు అని ఆయన ప్రాణం తోడేసేదట. చివరికి విసిగిపోయి ఆయనే, "ఇన్ని అడిగే బదులు నా దగ్గరే పనికి చేరమ్మా" అన్నాడు. మర్నాడే చేరింది. ఇప్పుడు చెప్పుల దుకాణం మీదనున్న ఆ రిపేరు గదిలో ఆయన కుర్చీ పక్క కుర్చీ ఆమెదే.

మా నాన్న బస్సు డిపోలో డ్రైవర్లకు డ్యూటీలు వేసేవారు. ఆయన మామూలుగా మాట్లాడినా వీధి చివరికి వినిపించేది. డిపోలో అంతా మైకు అని పిలిచేవారు. అలాంటి మనిషికి గొంతులో ఆపరేషన్ చేసి స్వరపేటిక తీసేశారు. ఇంటికొచ్చాక కొన్నాళ్ళు ఆయన గది దాటి రాలేదు. రాసి చెప్పమని మేం పలక ఇస్తే గోడవైపు తిరిగి పడుకునేవారు.

వదిన ఆసుపత్రిలో మాటలు నేర్పే మేడంగారి దగ్గరికి వెళ్ళి ఒక ప్రోగ్రాము తెచ్చింది. తెలుగులో టైపు చేస్తే మగ గొంతుతో చదివి వినిపిస్తుంది. దాన్ని పాత ల్యాప్‌టాప్‌లో పెట్టి నాన్న ఒళ్ళో ఉంచింది. మొదటిరోజు ఆయన మొహం చిట్లించి, "వీడెవడో వార్తలు చదివేవాడిలా ఉన్నాడు" అని టైపు చేశారు. అది గంభీరంగా అదే మాట చదివింది. ఆపరేషన్ తర్వాత నాన్న భుజాలు కదిలేలా నవ్వడం అప్పుడే చూశాను. ఆ తర్వాత ఇక ఆయన్ని ఆపినవాళ్ళు లేరు. కిటికీలోంచి కూరలబండివాడితో బేరమాడి, చివరికి అతన్ని నవ్వించి పంపేవారు.

ఒకరోజు పొద్దున ప్రోగ్రాము తెరుచుకోలేదు. అది నడవడానికి కావలసిన డీఎల్ఎల్ అనే ఫైలేదో కనిపించడం లేదని తెరమీద చిన్న పెట్టె వచ్చింది. నాన్న ఓకే నొక్కుతారు, అది మళ్ళీ వస్తుంది. అన్నయ్య ఆ ఫైలు పేరు నెట్‌లో కొట్టి, మొదట కనిపించిన సైటునుంచి దింపి పెట్టాడు. పాత ఎర్రరు పోయి కొత్త ఎర్రరు వచ్చింది. మధ్యాహ్నం వదిన భోజనానికి వచ్చేసరికి నాన్న మళ్ళీ గోడవైపు తిరిగి ఉన్నారు.

వదిన చెయ్యి కూడా కడుక్కోకుండా కూర్చుని చదివింది. "ఇది ఎక్కణ్ణుంచి తెచ్చారండీ?"

"నెట్‌లో. పేరు అదేగా" అన్నాడు అన్నయ్య.

"పేరు అదే. లోపల సరుకు వేరు. మన ప్రోగ్రాము ముప్పైరెండు బిట్లది, ఇది అరవైనాలుగుది. ఒకదాన్నొకటి చదవలేవు. పైగా ఎవరు పెట్టారో తెలియని ఫైలు. వైరస్ ఉంటే ఏం చేస్తాం?" అంటూ దాన్ని తీసేసి, కంప్యూటరంతా ఒకసారి వైరస్ కోసం వెతికించింది. తర్వాత మంచం దగ్గరికి వెళ్ళి కూర్చుంది. "మామయ్యా, నిన్న ఏమైనా తీసేశారా?"

నాన్న పలక అందుకున్నారు. పదాలను పైకి పలికే ఆట ఒకటి ల్యాప్‌టాప్‌లో ఉండేది, ఆడీ ఆడీ విసుగొచ్చి తీసేశానని రాశారు. తీసేస్తున్నప్పుడు అది ఏవో ప్రశ్నలు అడిగిందని, అన్నిటికీ అవునన్నానని కింద రాశారు.

"డిపోలో సెలవు అడిగినవాళ్ళకి కూడా ఇలాగే అవుననేవారా?" అంది వదిన. నాన్న పెదవి ఒక మూల కదిలింది.

"ఏ ప్రోగ్రామూ అన్ని పనులూ సొంతంగా చేసుకోదు మామయ్యా. గొంతు పలికించే పని ఒక ఫైల్లో ఉంటుంది. గొంతు కావలసిన ప్రోగ్రాములన్నీ దాన్నే వాడుకుంటాయి. మీ ఆటా, మీ మాటలూ ఒకే ఫైలు మీద నడిచేవి. ఆట పోతూ పోతూ దాన్ని కూడా పట్టుకుపోయింది. ఇంకెవరూ వాడట్లేదనుకుంది. తప్పు మీది కాదు. ప్రోగ్రాము ఇన్‌స్టాల్ చేసే ఫైలు నేను దాచి ఉంచాల్సింది, ఉంచలేదు. తప్పు నాదే."

ఆ గొంతు తయారుచేసిన కంపెనీ సైటు వెతికింది. కంపెనీ ఎప్పుడో మూసేశారు. వదిన అన్నం కలుపుకోబోయి, కంచం మీద మూతపెట్టి లేచింది. నేనూ వెంట వెళ్ళాను.

ఆసుపత్రిలో మేడంగారు సొరుగులన్నీ తీసి చూశారు. ఆ ప్రోగ్రాము ఎక్కించే డిస్క్ దొరకలేదు. "మా కంప్యూటర్లో మాత్రం బాగానే నడుస్తోంది" అన్నారు.

"అయితే ఫైలు ఇక్కడే ఉందండీ" అంది వదిన. మేడంగారిని అడిగి ఆ ఫైలు వెతికింది. ఏ వెర్షనో, ఎన్ని బిట్లదో సరిచూసుకుని పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించింది.

ఇంటికొచ్చి దాన్ని దాని చోట పెట్టింది. ప్రోగ్రాము తెరుచుకుంది. నాన్న గబగబా టైపు చేశారు. అక్షరాలు పడ్డాయి, గొంతు మాత్రం రాలేదు. వదిన మళ్ళీ చదువుకోవడం మొదలుపెట్టింది. కాసేపటికి, "ఫైలు వచ్చింది గానీ, వచ్చినట్టు విండోస్‌కి ఎవరూ చెప్పలేదు" అని నల్లని తెర ఒకటి తెరిచి, ఆ ఫైలును రిజిస్టర్ చేసే ఒక వరుస టైపు చేసింది.

నాన్న మళ్ళీ టైపు చేశారు. "అమ్మాయ్, నువ్వు ముందు అన్నం తిను" అంది ల్యాప్‌టాప్.

వదిన కంచం తెచ్చుకుని మంచంమీద కూర్చుంది. నాన్న ఆమె తలమీద చెయ్యి వేశారు.

ఆ రోజు ఆసుపత్రి వరండాలో ఒకావిడ మమ్మల్ని చూసి కాగితం మీద రాసి పలకరించింది, నాన్నలాగే గొంతు పోయిన రిటైర్డ్ టీచరు. ఆమె ల్యాప్‌టాప్‌లోనూ ఇదే ప్రోగ్రాము, ఇదే ఎర్రరట. కొత్తది కొనుక్కోమని ఎవరో చెప్పేశారట. ఆ శనివారం వదిన వాళ్ళింటికి వెళ్ళింది. నాన్న కూడా తయారై బయల్దేరారు. ఆమెదీ బాగైంది. టీచరుగారు చెల్లెలికి ఫోన్ చేసి, ఫోన్‌ను ల్యాప్‌టాప్ స్పీకర్ దగ్గర పెట్టారు. అవతల ఆవిడకు మొదట ఎవరో అర్థం కాలేదు. "నేనే, అక్కని" అంది ల్యాప్‌టాప్. తర్వాత ఇద్దరూ చాలాసేపు మాట్లాడుకున్నారు. వదిన, నాన్న వంటింట్లోకి వెళ్ళి నిలబడ్డారు, వాళ్ళ మాటలు తమ చెవిన పడకుండా.