తలుపులో పట్టని గుర్రం

జగిత్యాల పక్క పల్లె నుంచి మస్కట్ వచ్చిన నర్సింగ్ చేతుల మీదుగా ఎన్నో బిల్డింగులు లేచాయి. ఇదిగో నేను చేసింది అని చూపించమంటే మాత్రం ఒక్క చెక్కముక్క ఉండదు. అతను షట్టరింగ్ కార్పెంటర్. కాంక్రీటు పోయడానికి పలకలతో డబ్బా కడతాడు. కాంక్రీటు గట్టిపడగానే డబ్బా విప్పేస్తారు. అందుకే మేకును సగమే దిగ్గొట్టి తల బయటికి వదలడం ఆ పనిలో మొదటి పాఠం. పీకేవాడికి సులువుగా ఉండాలి కదా.

సెలవుకు ఇంటికి వెళ్లినప్పుడు అతని భార్య శాంతవ్వ, భర్త తెచ్చిన బిల్డింగు ఫోటోను అటూ ఇటూ తిప్పి చూసింది.

"గింత పెద్ద బంగ్ల! ఇందుల నువ్వు జేసిందేది?"

"నాది ఇప్పేసిన్రే."

"గట్లనా? మరి ఇప్పెయ్యనిది ఏదన్నా జేసినంక ఫోటో పంపు" అని నవ్వింది.

నవ్వులాటకు అన్నదే. అయినా ఆ మాట అతనితోపాటు విమానమెక్కి మస్కట్ దాకా వచ్చింది.

1993 చలికాలంలో మస్కట్‌లోని వాడి కబీర్ పేట తెలుగు కుటుంబాలు పిల్లల చేత నాటకం వేయించాలనుకున్నాయి. నేర్పేది సింధూజ టీచరు. ఆమె భర్త నర్సింగ్ వాళ్ల కంపెనీలోనే ఇంజినీరు. ఒకనాడు భర్త వెంట యార్డుకు వచ్చి, "నర్సింగన్నా, నాకో చెక్క గుర్రం కావాలి. లోపల ఆరుగురు పిల్లలు పట్టాలి" అంది.

"పిల్లలు గుర్రం మీద కూసుంటరు గని, లోపలెందుకు టీచరమ్మా?"

ఆమె అక్కడే, పాత పలకల గుట్ట పక్కన నిలబడి కథంతా చెప్పింది. గ్రీకు వీరులు పదేళ్లు ట్రాయ్ కోటను చుట్టుముట్టి కూర్చున్నారు. కోట లొంగలేదు. వాళ్లలో ఒడిస్సియస్ అని ఒక జిత్తులమారి ఉన్నాడు. అతని ఉపాయం ప్రకారం పెద్ద కొయ్యగుర్రం చేయించి, కొందరు వీరులు దాని కడుపులో దాక్కున్నారు. మిగతావాళ్లు ఓడలెక్కి వెళ్లిపోయినట్టు నటించారు. ట్రాయ్ జనం అది దేవతకిచ్చిన కానుక అనుకుని, ఆడుతూ పాడుతూ కోటలోకి లాక్కుపోయారు. ఊరు నిద్రపోయాక గుర్రం కడుపు తెరుచుకుంది. కోట కూలింది.

నర్సింగ్ కాసేపు గడ్డం గోక్కున్నాడు. "అంటే పదేండ్లు కత్తులతోని కాని పని కార్పెంటర్‌తోని అయిందన్నట్టు. మరి ఆ గుర్రం జేసినోడెవడు?"

"ఎపియస్."

"పేరున్నదా వానికి?" నర్సింగ్ కళ్లు పెద్దవయ్యాయి.

"ఉందన్నా. ఇన్ని వేల ఏళ్లయినా చెరిగిపోలేదు."

ఆ సాయంత్రం నుంచే డ్యూటీ దిగగానే గుర్రం పని. పాత పలకలు గీకి నున్న చేశాడు. అతుకులకు బంక పెట్టాడు. కొబ్బరితాళ్లు విప్పి జూలు చేశాడు. లారీ వెనక మెరిసే ఎర్ర బిళ్లలు రెండు కళ్లయ్యాయి. హైదరాబాదు నుంచి వచ్చిన పికప్ డ్రైవరు మజహర్ పక్కన కూర్చుని చాయ్ తాగుతూ చూసేవాడు.

"అరే నర్సింగ్, మేకులు పూరా దిగ్గొడ్తున్నవ్? మళ్లా ఎట్ల తీస్తవ్?"

"తీసేది లేదు మజహర్ భాయ్. ఇది ఉండేటందుకే జేస్తున్న."

నాటకం శుక్రవారం, ఒక హాల్లో. మధ్యాహ్నం మజహర్ పికప్ మీద గుర్రం బయల్దేరింది. వాడి కబీర్ వర్క్‌షాపుల్లో పనివాళ్లు చేతిలో పానాలతోనే బయటికొచ్చి చూశారు. నర్సింగ్ గుర్రం మెడ పట్టుకుని నిలబడి పెళ్లికొడుకులా వచ్చాడు.

హాలు ముందు దిగాక తెలిసింది. తలుపులో తల దూరింది, కడుపు దూరలేదు.

"స్టేజీ ఎత్తు అడిగావు, తలుపు వెడల్పు అడగలేదా?" తెలుగు సంఘం సెక్రటరీ రఘుపతి నెత్తి పట్టుకున్నాడు.

నర్సింగ్‌కు ఆ ఆలోచనే రాలేదు. అతను పని చేసే నాటికి బిల్డింగుకు తలుపులెక్కడివి? గోడలే ఉండవు. ఎక్కడ కావాలో అక్కడే కట్టడం తప్ప, కట్టిందాన్ని తలుపులోంచి మోసుకెళ్లాల్సిన అవసరం అతనికి ఎన్నడూ పడలేదు.

"విప్పి లోపల బిగించు."

"రాదు సార్. బంక పెట్టిన."

"అయితే కొయ్యవయ్యా! ముక్కలుగా లోపలికి తెచ్చి అతికించు. కార్పెంటరువేగా."

పిల్లలు అట్టకత్తులు పట్టుకుని బిక్కమొహాలతో చూస్తున్నారు. నర్సింగ్ రంపం తెచ్చాడు. గుర్రం నడుము మీద పెట్టాడు. ఇదీ ఇప్పేసిన్రు అని శాంతవ్వకు ఏ నోటితో చెప్పాలి?

సింధూజ దగ్గరికొచ్చింది. "ట్రాయ్ వాళ్లకూ ఇదే జరిగిందట అన్నా. గుర్రం ద్వారంలో పట్టక గోడే పగలగొట్టుకున్నారట."

"గోడ జోలికెళ్తే మనకీ హాలు మళ్లీ ఇవ్వరు తల్లీ!" అని రఘుపతి తలుపుకు అడ్డంగా నిలబడ్డాడు.

నర్సింగ్ రంపం దించాడు. హాలు వెనక ఖాళీ జాగా, దాని వెనక బోడిగుట్ట కనిపించాయి.

"మీ గోడ ముట్ట సార్. గుర్రం లోపలికి పట్టకుంటే కోటనే బయట కడ్త. మజహర్ భాయ్, రూమ్‌కు పోయి అందర్నీ లేపుకరా. పలకలు గూడ!"

ఆ జాగాలో హాలు కావలి ముసలాయన మేకలు తిరుగుతున్నాయి. ఆ ఒమనీ పెద్దాయన గుర్రాన్ని ఎగాదిగా చూసి, "మాఫీ ముష్కిల్", ఇబ్బందేం లేదని అరబ్బీలో చెప్పి చేతికర్రతో మేకల్ని పక్కకు తోలాడు.

సెలవు రోజు నిద్ర చెడగొట్టినందుకు తిట్టుకుంటూనే రూమ్‌వాళ్లంతా దిగారు. పలక మీద పలక నిలబెట్టారు. సాయంత్రపు ఎండ గుట్ట ఎక్కేసరికి ట్రాయ్ కోట లేచింది. మేకులన్నీ సగమే దిగ్గొట్టమని నర్సింగ్ మరీ మరీ చెప్పాడు. వెనకనున్న ఊతకర్రకు మోకు కట్టి, కొసను తన చేతికి చుట్టుకున్నాడు.

హాల్లో నాటకమైతే పాసులు కుటుంబాలకే. ఆరుబయట పాసు అడిగేదెవరు? కుటుంబాలు కుర్చీల్లో, పనివాళ్లు గుట్టరాళ్ల మీద సర్దుకున్నారు. నాటకంలో ఒడిస్సియస్ వేషం కట్టిన పిల్లవాడు గుర్రం ముందు నిలబడి గర్జించాడు:

"ఇంత గొప్ప గుర్రాన్ని చేసిందెవరు?"

పక్కన సైనికుడు నోరు తెరిచేలోపు గుట్ట మీంచి ఒకటే కేక: "మా నర్సింగ్!"

సైనికుడు తికమకపడి, "ఎపియస్... ఇంకా నర్సింగ్!" అన్నాడు. కుర్చీలూ రాళ్లూ కలిసి నవ్వాయి. నర్సింగ్ కోట వెనక దూరంగా చీకట్లో మోకు పట్టుకుని ఒక్కడే ముసిముసిగా నవ్వుకున్నాడు.

వీరులు గుర్రం కడుపులోంచి దూకారు. పిల్లలందరూ దూరం జరిగాక సింధూజ చెయ్యి ఊపింది. నర్సింగ్ మోకు లాగాడు. ట్రాయ్ కోట మొత్తం ఒక్క దెబ్బకు వెనక్కి ఒరిగి దబ్బున పడింది. రఘుపతి ముందు ఉలిక్కిపడి లేచాడు, తర్వాత కుర్చీ ఎక్కి మరీ చప్పట్లు కొట్టాడు.

తెల్లారి కోట పలకలు సీబ్ ఊళ్లో ఒక స్లాబు కిందికి పోయాయి. గుర్రం మాత్రం ఏ గోదాము తలుపులోనూ పట్టక అక్కడే నిలిచిపోయింది. వారం తిరిగేసరికి దాని కడుపులో మేకలు కాపురం పెట్టాయి. సింధూజ భర్త ఫోటో తీసి ఇస్తే నర్సింగ్ ఊరికి పంపాడు.

శాంతవ్వ జవాబు ఆమె గొంతు రికార్డు చేసిన క్యాసెట్‌లో వచ్చింది. "గుర్రం సక్కగున్నది. దాని కడుపుల మ్యాకలెందుకున్నయ్? అవ్‌గని, ఉంచిన్రా, అదిగూడ ఇప్పేసిన్రా? నిజం జెప్పు."

మరుసటి శుక్రవారం నర్సింగ్ టేపురికార్డరు పట్టుకుని హాలు వెనక్కి వెళ్లాడు. రికార్డు బటన్ నొక్కి, "ఇను" అన్నాడు. అరచేత్తో గుర్రం పొట్ట మీద గట్టిగా చరిచాడు. పలక ఢమ్మంది. లోపలినుంచి ఒక మేక విసుగ్గా అరిచింది.