జెబల్ షమ్స్ లోయలో ఒక పొయ్యి కోసం

మా సత్యవతి అక్క మస్కట్‌లో ఒక ఇంట్లో వంట చేసేది. కూతురు హైస్కూల్లో ఉండగా వెళ్లింది. ఆ కూతురికి పెళ్లై, ఇద్దరు పిల్లలు పుట్టి, వాళ్లు బడికి వెళ్లేదాకా అక్కడే ఉండిపోయింది. ఈ ఏడాది ఇక చాలనుకుని, సామాను సర్దడానికి సాయం రమ్మని నాకు ఫోన్ చేసింది. రాజోలులో నాకొక టైలరింగ్ షాపుంది. దానికి రెండు వారాలు తాళం వేసి విజిట్ వీసా మీద వెళ్లాను. పెళ్లి బ్లౌజులు ఇచ్చినవాళ్లు నన్ను ఏమేం అన్నారో రాస్తే ఇది ప్రయాణ కథ కాకుండా పోతుంది కాబట్టి రాయడం లేదు.

అక్క పనిచేసే ఇంటి మేడమ్ మంచి మనిషి. నన్ను అక్క గదిలోనే ఉండమంది. మొదటి రోజు సూట్‌కేసు ముందు కూర్చుని అడిగాను, "ఇన్నేళ్లలో ఇక్కడ ఏమేం చూసేవే అక్కా" అని. "చూడ్డానికేముందే. వంటిల్లు చూసేను, సూపర్‌మార్కెట్టు చూసేను. బట్టలారేసేటప్పుడు డాబా మీంచి కొండలు చూసేను" అంది. మడతపెడుతున్న చీర పక్కన పెట్టి, హాల్లో ఉన్న పెద్ద ఫొటో సంగతి చెప్పింది. నిట్టనిలువుగా చీలిపోయిన కొండ, మధ్యలో ఎక్కడో చూరులా ముందుకొచ్చిన రాయి, దాని కింద బొమ్మరిళ్లంత రాతి ఇళ్లు. జెబల్ షమ్స్ అనే పెద్ద కొండ పక్కనున్న లోయ అది. ఒకప్పుడు అక్కడ కొన్ని కుటుంబాలు బతికాయట. అక్క రోజూ ఆ ఫొటో మీద దుమ్ము తుడిచేది. "అంత చోట్లో పొయ్యి ఎక్కడ పెట్టుకునేవారో చూడాలనుండేదే" అంది. వెంటనే, "ఊరికే అన్నాన్లే, డబ్బులు దండగ" అని మాట మార్చేసింది. మా అక్క ఏదైనా కావాలనుకోవడం నేను విన్నది అదే మొదటిసారి. ఆ పూటే టూరు బుక్ చేశాను.

వెళ్లాలనుకునేవాళ్ల కోసం వివరాలు చెప్తాను. రాజోలు నుంచి బస్సులో రాజమండ్రి, అక్కణ్ణించి రైల్లో హైదరాబాదు, హైదరాబాదు నుంచి నేరుగా మస్కట్‌కి విమానం. వీసా నిబంధనలు మారుతుంటాయి, టిక్కెట్టు కొనకముందే చూసుకోండి. లోయకి ఒక్కరోజు టూరు, గైడుతో, ఇతరులతో కలిసి జీపులో వెళ్తే మనిషికి ముప్ఫై అయిదు రియాళ్లయింది. మన లెక్కలో ఏడెనిమిది వేలు. పైదాకా మామూలు కారు వెళ్లదు, చివర్లో కంకర రోడ్డు. మేం వెళ్లింది అక్టోబరు చివర్లో. నవంబరు దాటాక వెళ్తే ఎండ ఇంకా తగ్గుతుంది. టూరు శుక్రవారానికి పెట్టించాను, అక్కకి సెలవు ఆ రోజే కాబట్టి. మామూలుగా మధ్యాహ్నం నుంచే సెలవు, ఆ వారం మేడమ్ రోజంతా వదిలింది.

తెల్లవారుజామున లేచి చూస్తే అక్క అప్పటికే పులిహోర కలుపుతోంది. "టూరు వాళ్లు భోజనం పెడతారే" అన్నాను. "పెడితే పెట్టేరులే. కూడా వచ్చేవాళ్లకి మనం ఏదన్నా పెట్టొద్దా?" అంది. కూడా వచ్చేవాళ్లెవరో మా ఇద్దరికీ తెలియదు. అయినా డబ్బా నిండా పులిహోర, ఇంకో డబ్బాలో బెల్లం గవ్వలు. ఈ హడావిడిలో తను మాత్రం ఒక గ్లాసు టీతో సరిపెట్టుకుంది.

ఆరింటికి జీపు వచ్చింది. గైడు పేరు హమూద్, యాభై దాటిన మనిషి, అదే కొండ కింది ఊరివాడు. చిన్నప్పుడు మనవాళ్ల దుకాణాల్లో తిరిగి నేర్చుకున్నానంటూ చక్కటి హిందీ మాట్లాడాడు. వెనక సీట్లో కొచ్చి నుంచి వచ్చిన కొత్త జంట. నిజ్వా ఊళ్లో టీకి ఆగేసరికి ఎనిమిది కావొచ్చింది. అక్కడ హమూద్ తలకి రెండు పెద్ద నీళ్ల సీసాలు చేతికిచ్చి ఒకే ఒక్క నియమం చెప్పాడు. "మీ నీళ్లు మీవి. ఎవరికీ ఇవ్వకండి, ఎవరి దగ్గరా తీసుకోకండి. కాలిదారిలో ఎక్కడా నీళ్లు దొరకవు." అక్క అందరికంటే ముందు "ఆయ్" అని తలూపింది. ఆవిడ హిందీలో మాట్లాడినా, అరబిక్‌లో మాట్లాడినా మొదట మన ఆయ్ ఉండాల్సిందే.

అల్ హమ్రా దాటాక రోడ్డు కొండెక్కడం మొదలైంది. తొమ్మిదిన్నరకి అల్ ఖితైమ్ అనే చిన్న ఊరి చివర దిగాం. నాలుగు ఇళ్లు, బోలెడు మేకలు, మేక వెంట్రుకలతో నేసిన కీచెయిన్లు అమ్ముతున్న ఒక ముసలావిడ. పది అడుగులు వేయగానే భూమి ఆగిపోయింది. కింద కిలోమీటరు లోతున సన్నగా, తెల్లగా, ఎండిపోయిన వాగు కనిపించింది. మా కోనసీమలో తవ్వి చూసినా గులకరాయి తగలదు. మేం చూసిన ఎత్తు ఏటిగట్టు, కాలవని ఏటి మీంచి దాటించే పి.గన్నవరం అక్విడక్టు, అంతే. అక్క మెడ చాపి కిందకి చూసి, "మేడమ్ గారి ఫొటోలో ఇంత లోతు లేదే" అంది.

దారి కష్టమైనదేం కాదు. ఎడమపక్క కొండగోడ, కుడిపక్క ఏమీ లేదు, మధ్యలో వరిగట్టుకి రెండు మూడింతల వెడల్పు బాట. పాత ఊరికి గంటన్నర నడక. వరిగట్ల మీద అన్నం క్యారేజీలు మోసిన కాళ్లు మావి, కాబట్టి మాకు భయం వేయలేదు. కొచ్చి పిల్లలిద్దరూ బరువని చెరో సీసా జీపులోనే వదిలేశారు. తెచ్చిన సీసాలు ఫొటోలు దిగుతూ తాగేశారు. సగం దూరం వెళ్లేసరికి ఆ అమ్మాయికి గొంతెండి దగ్గొచ్చింది. అక్క వెంటనే తన సీసా మూత తీసి ఇచ్చింది. తర్వాత మలుపులో అతనికి. ఆ తర్వాత రెండో సీసా కూడా చేతులు మారింది. హమూద్ ముందు నడుస్తున్నాడు, ఇదేం చూడలేదు.

నేను చెవి దగ్గర గొణిగాను, "ఆయన వద్దన్నాడు కదే." అక్క నన్ను చిత్రంగా చూసింది. "దాహమంటే నీళ్లివ్వొద్దంటావేంటే. అయినా నాకు చెమటే పట్టలేదు, నాకెందుకు నీళ్లు?" నాకూ ఆ మాట సబబుగానే తోచింది. మా వైపు వేసవిలో చెమటతో జాకెట్టు వీపుకి అతుక్కుపోతే తప్ప మనం అలిసిపోయామని మనకి తెలియదు. ఇక్కడ గాలి హాయిగా ఉంది, ఒళ్లు పొడిగా ఉంది. ఆ పొడి గాలి చెమట కనపడకముందే దాన్ని తాగేస్తుందని మా ఇద్దరికీ తెలియదు. ప్రతి మలుపులోనూ హమూద్ వెనక్కి తిరిగి "అక్కా, ఠీక్?" అనేవాడు. "ఆయ్, ఠీక్" అనేది అక్క.

నాకు అనుమానం వచ్చింది బట్ట వల్ల. అక్క వేసుకున్న నీలం చుడీదారు నేను కుట్టిందే. దాని మెడపట్టీ మీద తెల్లగా సున్నం గీత గీసినట్టు ఉప్పు పేరుకుంది. అది చూసి పిలిచేలోపే అక్క ఆగిపోయి, కొండగోడకి నుదురు ఆనించి నిలబడింది. "ఏమైందే" అంటే, "ఏం లేదే, రాయి చల్లగా ఉంది" అంది. మనిషి పక్కకి ఒరుగుతోంది. రెండు చేతులతో పట్టుకుని కూర్చోబెట్టాను. కుడిపక్క ఏమీ లేదని ఇందాక రాశాను కదా, ఆ మాట అప్పుడు నా గుండెల్లో దడదడలాడింది. గట్టిగా హమూద్‌ని పిలిచాను.

ఆయన పరుగున వచ్చి, ముందు అక్క సంచీలోంచి సీసాలు తీసి ఊపి చూశాడు. రెండూ ఖాళీ. ఎవర్నీ ఏమీ అనలేదు. అక్కని రాయి నీడలోకి జరిపించి, తన దగ్గర అదనంగా ఉన్న నీళ్లలో ఉప్పు, నిమ్మకాయ కలిపి గ్లాసులో పోసి కొంచెం కొంచెంగా తాగించాడు. రెండు ఖర్జూరాలు తినిపించాడు. ఆమె కాస్త తేరుకున్నాక నెమ్మదిగా అన్నాడు, "నేను అడిగినప్పుడల్లా ఠీక్ అన్నారు. మీరు ఠీక్ అన్నారనే నేను ముందుకు నడిచాను." అక్క తల దించుకుంది. కొచ్చి అమ్మాయి ఏడుపు మొహంతో తన టోపీ తీసి అక్కకి విసరడం మొదలుపెట్టింది.

"ఊరు ఇంకా ఇరవై నిమిషాలే. కానీ మళ్లీ ఇదంతా వెనక్కి నడవాలి. ఇక్కణ్ణించి తిరిగిపోవడం మంచిది" అన్నాడు హమూద్. నేను సరే అన్నాను. ఆ జంటా సరే అంది. ఇక అక్క ఆయ్ అనడమే మిగిలింది. ఆవిడ సంగతి నాకు తెలుసు. కూతురి పెళ్లికి సెలవు నాలుగు రోజులే అన్నా ఆయ్ అంది, జీతం ఆలస్యమైనా ఆయ్ అంది, మా అమ్మ పోయినప్పుడు టిక్కెట్టు దొరకలేదంటే దానికీ ఫోన్లో ఆయ్ అనే అంది.

అక్క ఖాళీ గ్లాసు హమూద్ ముందుకి చాపింది. "భయ్యా, నాకు ఇంకా నీళ్లు కావాలి" అంది హిందీలో. తాగి, మూతి తుడుచుకుని, "నేను వెనక్కి రాను. అరగంట ఇక్కడ కూర్చుంటాను. తర్వాత ఆ ఊరు చూస్తాను" అంది. గొంతు చిన్నదే, కానీ బతిమాలుతున్నట్టు లేదు. నాకు ఏడుపొచ్చేసింది. భయానికో సంతోషానికో ఇప్పటికీ చెప్పలేను. హమూద్ ఆమె చెయ్యి పట్టి నాడి చూశాడు, రంగు తిరిగొస్తోందా అని గోళ్లు నొక్కి చూశాడు. "అరగంట. లేచి నడిచాక నేను ఏం చెప్తే అది" అన్నాడు. ఈసారి ఆయ్ అన్నది నేను. ఆ అరగంటలో పులిహోర డబ్బా తెరిచాం. ముందు అక్క తినాలని హమూద్ పట్టుబట్టి, ఆమె తిన్నాకే తను ముద్ద పెట్టుకున్నాడు.

ఆ తర్వాత నెమ్మదిగా నడిచాం. గోడ పక్కన అక్క, ఆమెకి అంచు కనపడకుండా అడ్డంగా హమూద్. ఊరు వచ్చేసింది. పెద్ద రాతిచూరు కింద, రాళ్లు పేర్చి కట్టిన గదులు. ముందు మెట్లుమెట్లుగా మడులు. ఒక్కోటి నవారు మంచమంత ఉంటుందేమో, గోధుమలూ ఉల్లిపాయలూ పండించేవారట. పైన రాతిలోంచి ఊరే నీళ్లతోనే అంతా. అక్క వేటి దగ్గరా ఆగలేదు. ఒక్కో గదిలోకీ వంగి చూసుకుంటూ వెళ్లి, మూడో గదిలో ఉండిపోయింది.

"కుమారీ, ఇలా రావే" అని పిలిచింది. లోపల మూల మూడు రాళ్లు, వాటిపైన కప్పంతా నల్లటి మసి. అక్క ఆ మసిని వేలితో తాకి చూసింది. తర్వాత పొయ్యి ముందు గొంతుక్కూర్చుని, పక్కనున్న పలకరాయి చూపించింది. కూర్చుని కూర్చుని నున్నగా అయిపోయింది అది. "చూసేవా, ఇక్కడ ఇంకోళ్లు కూర్చునేవారే. ఒకళ్లు వండుతుంటే ఇంకోళ్లు పక్కనే ఉండేవారు" అంది. కాసేపు మంట లేని ఆ పొయ్యి వైపే చూసి, "నా పక్కన ఎవరూ ఉండేవారు కాదే" అంది.

నేను వెళ్లి ఆ రాయి మీద కూర్చున్నాను. అక్క నా మోకాలి మీద చెయ్యి వేసింది. ఇద్దరం చాలాసేపు అలాగే ఉన్నాం. హమూద్ బయట నిలబడ్డాడు, టైమైందని ఒక్కసారి కూడా పిలవలేదు.

తిరుగు నడకకి రెండు గంటలు పట్టింది. హమూద్ వెనకే నడుస్తూ, ఠీక్ అని అడగడం మానేసి, సీసా అందిస్తూ వచ్చాడు. అల్ హమ్రాలో అన్నం, కోడికూర పెట్టించాడు. అది టూరు ధరలోనే. మస్కట్ చేరేసరికి ఏడు దాటింది. దిగేటప్పుడు ఆ కొచ్చి అమ్మాయి అక్క కాళ్లకి దండం పెట్టబోతే, అక్క పట్టుకుని లేపి మిగిలిన గవ్వలు చేతిలో పెట్టింది. ఆ అమ్మాయి మీద నాకున్న కోపం అక్కడితో పోయింది.

ఎండిపోయిన లోయ చూసి ఎవరికైనా రుణపడతామని నేననుకోలేదు. ఆ అరగంట ఇచ్చిన హమూద్‌కి, శుక్రవారం మొత్తం వదిలిన మేడమ్‌కి, ఆ నున్నటి పలకరాయి మీద కూర్చుని ఎవరికో తోడున్న ఆ పేరు తెలియని ఆడమనిషికి మనసారా దండం పెట్టుకుంటున్నాను. ఇక సలహా. నీళ్లు చెమటని బట్టి కాదు, గడియారాన్ని బట్టి తాగండి, పావుగంటకోసారి. మీతో వచ్చినవాళ్లు మన గోదావరి వైపు మనుషులైతే, "బాగానే ఉన్నారా" అని అడిగి ఊరుకోకండి, ఎలా ఉన్నా ఆయ్ అనే అంటారు. వాళ్ల సీసా మీరే తీసి చూడండి.