అక్క విన్న గొంతు

మా అక్క టీవీ చూసేది కాదు, వినేది. చక్కెర జబ్బు రెండు కళ్ళనూ తీసుకుపోయాక, కొండాపూర్ పాత ఊరి గల్లీలో మా రెండు గదుల ఇంట్లో ఆమెకు మిగిలిన కాలక్షేపం అదొక్కటే. అమ్మా నాయనా పోయాక నన్ను పెంచింది ఆమే. నేనేమో సీరియళ్ళలో, సినిమాల్లో చిన్న వేషాలు వేసేవాణ్ణి. డ్రైవరు, వాచ్‌మన్, పెళ్ళికూతురి మేనమామ, ఆస్పత్రి వరండాలో తల దించుకుని నిలబడే మనిషి. నా సీను వచ్చినప్పుడు పక్కన కూర్చుని చెప్పేవాణ్ణి, "అక్కా, ఇప్పుడు మాట్లాడుతున్నది నేనే" అని.

"నువ్వు గాదు. ఎవడ్రా వాడు, నీ నోట్లకెల్లి మాట్లాడుతున్నడు?" అనేది.

ఆమె మాట నిజమే. ఒకరు నటిస్తే ఇంకొకరు గొంతు ఇవ్వడం మా పనిలో మామూలు. మొదటి సీరియల్లో నాకు ఒకే ఒక్క మాట ఉండేది. అన్న శవం ముందు కూలబడి, "మమ్ములనిడిసి ఏడికి పోయినవ్ అన్నా" అన్నాను. మా ఇళ్ళలో చావుకు అలాగే ఏడుస్తారు. లైట్ల వెనక ఎవరో కిసుక్కున నవ్వారు. "ఇది కామెడీ సీను కాదండీ" అన్నాడు డైరెక్టరు. టీవీలో వచ్చేసరికి ఆ ఏడుపు ఇంకెవరిదో అయింది.

అప్పటినుంచి షూటింగు లేని రోజల్లా కూకట్‌పల్లి గ్రంథాలయంలోనే ఉండేవాణ్ణి. బడి నన్ను ఏడో తరగతితో వదిలేసింది. నవలలు, నాటకాలు, నిఘంటువులు, వ్యాకరణాలు, అక్కడ అరల్లో ఏముంటే అది చదివాను. పెదవులు కదిలిస్తూ చదివితే లైబ్రేరియన్ కసురుకునేవాడు. అప్పుడు పుస్తకం పట్టుకుని వెనక సైకిళ్ళ దగ్గరికి వెళ్ళి, ఒత్తు దగ్గర ఒత్తుతూ, దీర్ఘం దగ్గర సాగదీస్తూ పైకి చదివేవాణ్ణి. కొన్నేళ్ళకు అర్ధానుస్వారం అంటే ఏమిటో, శకటరేఫం ఎలా ఉండేదో యూనిట్లో నన్నే అడిగేవారు. ఆ గర్వం నాకు ఇప్పటికీ ఉంది. అయినా మైకు ముందు నిలబడితే, "ఎక్కడో యాస తగులుతోందండీ" అని పంపించేసేవారు.

ఇంట్లోనూ సాధన మానలేదు. "అక్కా, భోజనం చేశావా?" అంటే నవ్వేది. "ఏంది తమ్మీ, మనింటికి పంతులొచ్చిండా? బువ్వ తిన్నవా అని అడుగరాదు?" కొన్నాళ్ళకు ఆ నవ్వడం కూడా మానేసింది.

ఇంతలో తెలంగాణ ఉద్యమం ఊపందుకుంది. బందు పిలుపు వస్తే షూటింగు ఆగిపోయేది. అద్దాల మేడల్లో పనిచేసే పిల్లలు మెడలో కార్డులతోనే కిందికి దిగి, రోడ్డు పొడుగునా చేతులు పట్టుకుని నిలబడేవారు. వార్తల్లో నినాదాలు విని అక్క పొంగిపోయేది.

"మన మాట టీవీల ఇనవడుతున్నదిరా. ఇగ నీ మాట ఎప్పుడు ఇనవడ్తది?"

ఆ రోజుల్లోనే తెలంగాణ కుటుంబం కథగా ఒక సీరియల్ మొదలుపెట్టారు. పొలం అమ్ముకుని, ఆ పొలంలో లేచిన మేడకే వాచ్‌మన్ అయిన తండ్రి వేషం నాకొచ్చింది. డైరెక్టరు కోస్తావాడు, మర్యాదస్థుడు. "ఈసారి మీ గొంతే ఉంచుదామండీ. ఇక్కడివారు, మీకంటే బాగా ఎవరు చెబుతారు?" అన్నాడు.

ఆ మాట ఇంట్లో చెప్పిన సాయంత్రమే అక్క గోడ పట్టుకుని గల్లీలోకి వెళ్ళింది. "మా తమ్ముని గొంతొస్తది టీవీల" అని ఇంటింటి గడప దగ్గరా చెప్పింది. గరగరమనే టీవీకి రిపేరు చేయించింది.

డబ్బింగు గదిలో తెర మీద నా ముఖం కనిపిస్తోంది. ఊరేగింపుకు పోతున్న కొడుకుతో తండ్రి చెప్పే మాట. "పైలం బిడ్డా. నువ్వు రాకుంటే నాకెవలున్నరు?" అన్నాను. చెవులకు పెట్టుకున్న హెడ్‌ఫోన్లలో వినిపించింది విని నాకే సిగ్గేసింది. బాగా చదువుకున్నవాడెవడో పరాయి పాఠం అప్పజెబుతున్నట్టుంది.

"బాగుందండీ. కొంచెం యాస వెయ్యండి."

వేశాను. ఈసారి సినిమాల్లో నవ్వించే నౌకరు పలికాడు. అద్దం అవతల రికార్డింగు అబ్బాయి మొహం పక్కకు తిప్పుకున్నాడు. కళ్ళు మూసుకుని, పొద్దున్నే నన్ను బడికి పంపుతూ మా నాయన 'పైలం' అని ఎలా అనేవాడో గుర్తు తెచ్చుకోబోయాను. జాగ్రత్త అని, భద్రం అని, ఆ మాటకు ఎన్ని అర్థాలున్నాయో చెప్పగలను. ఆయన అన్న తీరు మాత్రం నోటికి రాలేదు. మళ్ళీ మళ్ళీ చెప్పించి, చివరికి డైరెక్టరు నా భుజం మీద చెయ్యి వేశాడు.

బయట బెంచీ మీద ఇంకో వేషానికి గొంతు ఇవ్వడానికి వచ్చిన కోస్తా కుర్రాడు కూర్చుని ఉన్నాడు. మూసాపేటలో కిరాయికి ఉంటూ, కూలీల అడ్డా దగ్గర చాయ్ తాగుతూ మా మాట నేర్చుకున్నాడట. "ఏమనుకోకండి బాబాయ్‌గారూ" అంటూ నా మాట చెప్పడానికి లోపలికి వెళ్ళాడు. వాడు చెడగొట్టాలని కోరుకున్నాను. మొదటిసారికే చెప్పేశాడు. మా నాయన గడపలో నిలబడి అన్నట్టే ఉంది.

ప్రసారం రోజు సాయంత్రం ఇంటి నిండా గల్లీ ఆడవాళ్ళు. అక్క ఇట్టే కనిపెడుతుందని నాకు తెలుసు. ఎన్నడూ మోసపోలేదు కదా. 'పైలం బిడ్డా' అని వినగానే అందరినీ చెయ్యెత్తి ఆపింది. చూపులేని కళ్ళ వెంట నీళ్ళు కారాయి.

"గిదేరా నీ గొంతు! చిన్నప్పుడు గిట్లనే మాట్లాడేటోనివి. గిన్ని దినాలు ఏడ దాచిపెట్టినవ్?"

"ఇగ మీ తమ్ముడు హీరోనే పో" అంది ఎదురింటావిడ. అందరూ నవ్వారు. నేను లేచి టీవీ సౌండు పెంచాను.

ఆ తర్వాత రోజూ ఆ పూట సీరియల్ అయిపోగానే అడిగేది, "ఒక్కపారి గట్ల మాట్లాడు తమ్మీ" అని. ప్రయత్నించేవాణ్ణి. "మజాక్ చెయ్యకు. టీవీల మాట్లాడినట్టు మాట్లాడరాదు?" అని విసుక్కునేది. నేను ఇంట్లో మాట్లాడటం తగ్గించుకున్నాను.

కొన్ని నెలలకు చూసేవాళ్ళు తగ్గారని కథ మార్చి, ఆ తండ్రిని చంపేశారు. నా ఫొటోకు దండ వేశారు. చావు సీను తీశాక ఆ నటుడు నవ్వుతుండగా ఒక షాటు తీసుకోవడం మా దగ్గర ఆచారం, అరిష్టం పోవాలని. నవ్వాను.

అది ప్రసారమైన సాయంత్రం అక్కకు అన్నం కలిపి పక్కన కూర్చున్నాను. టీవీలో ఆ గొంతు చివరిసారి బిడ్డను పిలిచి ఆగిపోయింది. అక్క చేతిలోని ముద్ద తిరిగి పళ్ళెంలో పెట్టేసింది.

"ఇగ నీ గొంతు ఇనవడదా?"

"వినబడుతుంది అక్కా" అన్నాను.

ఆమె నా వైపు తిరగలేదు. ప్రకటనలు వస్తున్నా, టీవీ వైపే చెవి పెట్టుకుని కూర్చుంది.