రాజీ అక్క వెనక్కి తీసుకున్న మాట

గొడవపడ్డవాళ్ల మధ్య రాజీ కుదర్చడం ఆమె పని కాబట్టి అందరూ ఆమెను రాజీ అక్క అనేవారు. అసలు పేరు ఎవరికీ గుర్తులేదు. ఒక ఏడాది మా చర్చి మందిరం క్యాలెండరులో, పుట్టినరోజుల పట్టీలో కూడా అలాగే అచ్చయింది. ఆమె చూసి, "పోన్లెండి, ఎలాగూ అలాగే పిలుస్తున్నారుగా," అంది.

ఆమెది బట్టలు సరిచేసే కొట్టు. జిప్పులు మార్చడం, ప్యాంట్లు కుదించడం, చిరుగులు కలపడం ఆమె వృత్తి. పక్కనే నా తాళాల కొట్టు. మధ్యలో ఉన్నది చెక్క గోడే గనుక ఆమె దగ్గితే నాకు వినిపించేది. మధ్యాహ్నం ఒంటిగంటకు షట్టరు దించి మందిరం పని మీద బయలుదేరేది. మా సంఘంలో సమాధానపరచు పరిచర్య అని ఒకటి మొదలుపెట్టినప్పుడు నలుగురు చేరారు. మాట్లాడుకోని అత్తాకోడళ్లు, విడిపోయిన స్నేహితులు, ఉప్పూ నిప్పూలా ఉన్న అన్నదమ్ములు, ఇలాంటివాళ్ల ఇళ్లకు వెళ్లడం వాళ్ల బాధ్యత. రెండేళ్లలో ముగ్గురు జారుకున్నారు. ఈమె ఒక్కతే మిగిలింది.

ఎవరింటికి వెళ్లినా కూర్చునేది కాదు. నేరుగా వంటింట్లోకి వెళ్లి, కత్తిపీటో కత్తో అందుకుని, అక్కడున్న కూరగాయలు తరగడం మొదలుపెట్టేది. "చేతులకే పని, చెవులు ఖాళీగానే ఉన్నాయి, మీరు చెప్పండి," అనేది. జనం చెప్పేవారు. ఏడ్చేవారు. ఎన్నో ఇళ్లలో ఆగిపోయిన మాటలు ఆమె వల్లే మళ్లీ మొదలయ్యాయి. అయినా తిరిగొచ్చాక ఆమె ముఖంలో తృప్తి ఉండేది కాదు. ఒక ఇల్లు అవగానే ఇంకో ఇల్లు. ఎవరో తరుముతున్నట్టు కాలుగాలిన పిల్లిలా తిరిగేది.

ఆమెకొక అక్క ఉందని, ఇద్దరికీ పదకొండేళ్లుగా మాటల్లేవని సంఘంలో పెద్దవాళ్లందరికీ తెలుసు. ఎవరూ ఎత్తేవారు కాదు. డాక్టరుకే జ్వరమొస్తే అడగడానికి మొహమాటపడతామే, అలాంటిది.

ఆ మొహమాటం లేనివాడు వెల్డింగ్ షెడ్డు తమ్ముడు. అన్నదమ్ములిద్దరిదీ ఒకే షెడ్డు. తమ్ముడు బిగించిన గేటు ఊడి ఒకాయన పాదం మీద పడింది. అన్న పదిమంది ముందు, "నా పని కాదండీ, వీడి పని. వీడికి చేతకాదని నాకెప్పుడో తెలుసు," అన్నాడు. మర్నాటికల్లా షెడ్డు మధ్యలో రేకు గోడ లేచింది. రాజీ అక్క అక్కడికి నాలుగుసార్లు వెళ్లింది. నాలుగోసారి తమ్ముడు ముఖానికి పెట్టుకున్న నల్లద్దం పైకెత్తి సూటిగా అడిగాడు.

"అక్కా, ఏమీ అనుకోకండి. మీ అక్క పెద్దాసుపత్రి లాండ్రీలో పనిచేస్తారు కదా? మా ఆవిడదీ అక్కడే పని. మీ పేరెత్తితే ఆవిడ లేచి పక్క గదిలోకి వెళ్లిపోతారట. మీ ఇంట్లో లేనిది మా షెడ్డులో పెట్టమంటున్నారు. ఎలా?"

ఆమెకు తల కొట్టేసినట్టయింది. అప్పుడే వెనక్కి వచ్చేసింది.

ఆ తర్వాత పది రోజులూ గోడ అవతల మిషను సరిగా నడవలేదు. కాసేపు కుట్టేది, ఆపేది, లేచేది. ఒక పెద్దాయన కోటు చేతులు తిరగేసి కుట్టి, ఆయన వేసుకోబోయి చెయ్యి దూరక అవస్థపడుతుంటే, "అయ్యో నా బుర్ర తగలడా," అని కూలబడింది. చివరకు పాస్టరుగారి దగ్గరకు వెళ్లింది.

"అయ్యగారూ, నేనింక ఈ పని చెయ్యలేను. ఇంకెవరినైనా చూసుకోండి."

పాస్టరుగారు ఎక్కువ మాట్లాడే మనిషి కాదు. "రాజీనామా ఇస్తానంటావు, రాజీకి మాత్రం వెళ్లనంటావు. అంతేనా అమ్మా?" అన్నాడు.

ఆమెకు నవ్వు రాలేదు. "మీకు తెలియదయ్యగారూ. నేనన్న మాట అలాంటిది."

ఆ మాట ఏమిటో తర్వాత నాకే చెప్పింది. వాళ్ల అమ్మకు కడుపులో గడ్డ లేచింది. అక్క తను పనిచేసే ఆసుపత్రిలోనే ఆపరేషన్‌కు మాట్లాడింది. సంతకం కూడా అక్కే పెట్టింది. అమ్మ బల్ల మీదే పోయింది. బయట వరండాలో బంధువులు, సంఘంవాళ్లు అందరూ ఉన్నారు. అందరి ముందు ఈమె అక్క వైపు చెయ్యి చూపించి, "నువ్వే చంపావు. సంతకం పెట్టి మరీ చంపావు," అని అరిచింది. అక్క తిరిగి ఒక్క మాటనలేదు. ఆ రోజు నుంచి మందిరానికి రావడం మానేసింది. చెల్లెలు ఎదురైతే రోడ్డు దాటేసేది.

"అది కూడా కాదు అసలు సంగతి," అని ఆగింది రాజీ అక్క. నా కొట్టులో గోడకు వేలాడుతున్న తాళాలను ఒక్కొక్కటీ అనవసరంగా సర్దుతోంది. "అసలు సంగతి వేరే ఉంది. అది అక్కకు చెప్పాలి ముందు."

మొదటిరోజు ఆసుపత్రి గేటు దాకా వెళ్లి తిరిగొచ్చింది. రెండోరోజు లాండ్రీ మెట్ల దాకా. మూడోరోజు లోపలికి వెళ్లింది.

లాండ్రీ నేలమాళిగలో ఉంది. ఆవిరి, సబ్బు వాసన, గోడలు అదిరేలా మిషన్ల హోరు. అక్క పెద్ద ఇస్త్రీ రోలరు దగ్గర నిలబడి ఉంది. తడి దుప్పట్లను ఒకవైపు నుంచి లోపలికి పెడితే, రెండోవైపు నుంచి వేడివేడిగా చదునుగా బయటికొస్తాయి. బయటికొచ్చిన దుప్పటిని మడవాలంటే ఇద్దరు మనుషులు కావాలి. అక్కతో జతగా మడిచే ఆవిడ, వెల్డింగ్ తమ్ముడి భార్య, ఈమెను చూసి ఏదో పనున్నట్టు తప్పుకుంది. దుప్పట్లు వస్తూనే ఉన్నాయి, కుప్ప పడుతున్నాయి. అక్క చెల్లెలి వైపు చూడకుండానే, "చూస్తావేం, ఆ కొస పట్టుకో," అంది.

పదకొండేళ్ల తర్వాత అదే మొదటి మాట.

ఆమె పట్టుకుంది. నాలుగైదు దుప్పట్లు మడిచారు. దగ్గరకు నడిచి కొసలు కలిపినప్పుడల్లా వేళ్లు తగిలేవి.

"అక్కా, నేనొకటి చెప్పాలి."

"చెప్పు. పని ఆపకు."

"అమ్మకు మొదట్లో నొప్పి వచ్చినప్పుడే డాక్టరు ఆపరేషన్ అన్నాడు. నువ్వు సరేనన్నావు. వద్దన్నది నేను. ప్రార్థన చేస్తున్నాం, కత్తి అవసరం లేదని దేవుడు నాతో చెప్పాడని అమ్మను నమ్మించాను. రెండు నెలలు ఆపాను. ఆ రెండు నెలల్లోనే గడ్డ ముదిరింది. ఆ రోజు వరండాలో నిన్నెందుకన్నానో తెలుసా? ఎవరో ఒకరు నన్నలా అంటారని భయపడి, ముందుగా నిన్ననేశాను."

అక్క దుప్పటి కొస వదల్లేదు. "తెలుసు," అంది.

"ఏం తెలుసు?"

"రెండు నెలల ముందు తెచ్చుంటే బతికేదని డాక్టరు నాతోనే అన్నాడు. నువ్వు అరవడానికి అయిదు నిమిషాల ముందు."

రాజీ అక్క మడుస్తున్న దుప్పటిని ఆపేసింది. "మరి నువ్వు నలుగురిలో ఆ మాటెందుకనలేదే?"

"అంటే ఏం చేసేదానివి? బతికేదానివా?" అక్క గొంతు అప్పుడు లేచింది. "నువ్వు అరిచావు, నేను మింగాను. పదకొండేళ్లు మింగాను. బంధువుల పెళ్లికి వెళ్తే గుసగుసలు. తల్లిని చంపిందట. నువ్వేమో ఊళ్లో అందరికీ రాజీలు కుదురుస్తూ గొప్పదానివైపోయావు. ఇప్పుడొచ్చి నా చెవిలో చెప్పి, మనసు తేలిక చేసుకుని పోదామనా?"

"క్షమించమని..."

"నా ఒక్కదాని ముందు అనలేదు నువ్వు. నలుగురిలో అన్నావు. నలుగురిలో వెనక్కి తీసుకో. ఆ తర్వాత చూద్దాం. ఇంక వెళ్లు, నాకు పనుంది."

ఆమె పాస్టరుగారిని అడిగింది, ఆదివారం ప్రకటనల సమయంలో రెండు నిమిషాలు కావాలని. ఎందుకని ఆయన అడగలేదు. ఆ వారమంతా ఆమె నిద్ర, తిండి సరిగ్గా లేకుండా తిరిగింది. ఒకరోజు నా కొట్టు ముందు నిలబడి, "చెప్పకపోతే ఏమవుతుంది?" అంది. వెంటనే తన కొట్టులోకి వెళ్లిపోయింది.

ఆదివారం నేనూ ఉన్నాను. మందిరం నిండుగా ఉంది. ఆమె ముందుకొచ్చి, మైకు పట్టుకోకుండా, చేతులు కట్టుకుని నిలబడింది. వరండాలో తను అన్న మాట మొదట అలాగే చెప్పింది. తర్వాత రెండు నెలల సంగతి చెప్పింది.

"దేవుడు చెప్పాడని అన్నాను. దేవుడేమీ చెప్పలేదు. నాకు కత్తంటే భయమేసింది. ఆ భయానికి దేవుడి పేరు పెట్టాను. మా అక్క సంతకం పెట్టింది అమ్మను బతికించడానికి. ఆ రోజు విన్నవాళ్లు ఇక్కడ చాలామంది ఉన్నారు. నా మాట అబద్ధం. ఆ మాట మీరు ఎవరెవరికి చెప్పారో, దయచేసి వాళ్లకు ఇది కూడా చెప్పండి."

అక్క అక్కడ లేదు. పాస్టరుగారు పాట మొదలుపెట్టబోయి మానేసి, తల వంచుకుని నిలబడ్డాడు. ఆ రోజు వరండాలో ఉన్న ముసలాయనొకడు బయటికెళ్లి మెట్ల మీద కూర్చున్నాడు. తర్వాత గొణుగుళ్లు మొదలయ్యాయి. ప్రార్థన మీద జనానికి నమ్మకం పోయేలా మాట్లాడిందని కొందరన్నారు. ఇద్దరు ముగ్గురు ఆమెను ఇంటికి రావద్దన్నారు. తప్పు చేసిన మనిషి మాకేం చెబుతుందని వాళ్ల వాదన. "నిజమేగా," అంది ఆమె. కానీ మొహం వాడిపోయింది.

వారం గడిచింది. అక్క నుంచి కబురు లేదు. రెండో వారమూ లేదు. నా కొట్టు ముందు ఎవరి చెప్పుల చప్పుడైనా ఆమె మిషను ఆగిపోయేది.

మూడో వారంలో ఒక మధ్యాహ్నం అక్క వచ్చింది. చేతిలో నీలం యూనిఫాం.

"చంక దగ్గర పిగిలింది. కుడతావా?"

"కూర్చో అక్కా."

"కుర్చీ మీద ఈ బట్టలేంటే? ఎక్కడ కూర్చోను, నీ తల మీదా?"

తర్వాత చాలాసేపు మిషను చప్పుడే వినిపించింది. కాసేపటికి అక్క గొంతు: "ఆ ముసలాయన మా ఇంటికొచ్చాడు. నీ మాట పొల్లుపోకుండా చెప్పి, తనూ క్షమించమని నా చేతులు పట్టుకున్నాడు." ఇంకాసేపటికి: "నేను నిన్ను క్షమించానని అనుకోకు. రోజూ ప్రయత్నిస్తున్నాను. కొన్ని రోజులు కుదురుతోంది, కొన్ని రోజులు కుదరడం లేదు."

"కుదరని రోజున కూడా రా," అంది చెల్లెలు.

వస్తోంది. షిఫ్టు లేని రోజు వచ్చి, ప్రతిదానికీ పేచీ పెట్టుకుంటుంది. అమ్మ జుట్టు మొదట ఎప్పుడు నెరిసింది, అమ్మ ఎవరిని ఎక్కువ తిట్టేది, ఇలాంటివాటి మీద ఇద్దరూ గొంతులు చించుకుంటారు.

రాజీ అక్క పరిచర్య మానలేదు. కాకపోతే ఇప్పుడు ఎవరి వంటింట్లోకి వెళ్లినా ముందు తన సంగతే చెబుతుంది. విని తలుపు వేసుకున్నవాళ్లూ ఉన్నారు, విన్నాకే నోరు విప్పినవాళ్లూ ఉన్నారు. అక్క మాత్రం మందిరానికి రాలేదు. రమ్మని ఈమె ఒక్కసారీ అడగలేదు. మందిరం తరఫున అందరినీ కలిపే మనిషి, సొంత అక్కను పిలవదేమిటని ఒకరోజు అడిగాను.

"పిలవాలో, ఊరుకోవాలో నాకింకా తెలియడం లేదు," అంది. రెండడుగులు వేసి, ఆగి, "మీకేమైనా తెలుసా?" అని వెనక్కి తిరిగింది. తెలియదన్నాను. తల ఊపి, షట్టరు దించి, ఆ రోజు వెళ్లాల్సిన ఇంటివైపు గబగబా నడిచింది.