గేటు మావయ్య తెచ్చే కబురు

మా గేటు మావయ్య పోయాడు. కార్పొరేషన్ డ్యూటీ ముగించుకుని వాట్‌గంజ్‌లో బస్సు దిగుతుంటే టీ కొట్టు బెంగాలీ దాదా చెప్పాడు. ఈమధ్య చావు కబుర్లు వినీ వినీ మొద్దుబారిపోయాను. అయినా అక్కడే బల్ల మీద కూలబడ్డాను. ఆయన మాకు రక్తసంబంధం కాదు. రేవు దగ్గర సినిమా హాలుకు గేటు మనిషి. మా అమ్మ అన్నియ్య అని పిలిచేది కాబట్టి నాకు మావయ్య.

ఆ హాల్లో వారమంతా హిందీ సినిమాలే. ఆదివారం పొద్దుటాట మాత్రం మన తెలుగుది. విశాఖ నుంచి రీళ్ల డబ్బాలు రైల్లో రావాలి. రైలు ఆలస్యమైతే ఆటా ఆలస్యమే. రేవులో మూటలు మోసేవాళ్లు, వీధులూడ్చేవాళ్లు, శ్రీకాకుళం వైపు నుంచి వచ్చినవాళ్లందరూ పిల్లాపాపలతో అక్కడే ఉండేవారు. ఫోన్లు లేని రోజులు. ఎవరింట్లో ఏం జరిగినా కబురు మోసుకుని ఆ గేటుకే పరుగెత్తుకొచ్చేవారు. మావయ్య టార్చి పట్టుకుని చీకట్లో వరసల మధ్యకెళ్లి, ఆ మనిషి చెవిలో చెప్పి బయటికి తీసుకొచ్చేవాడు. మా వాడ ఏడుపులన్నీ ముందు ఆయన చెవిలోనే పడ్డాయి.

అయితే చెడ్డ కబురైతే వెంటనే వెళ్లేవాడు కాదు. తెరవైపు ఓసారి చూసేవాడు. "కాసేపు నవ్వనీయండర్రా. ఏడుపెక్కడికి పోతాది?" అనేవాడు. వారమంతా మురుగు ఎత్తిన మనుషులు. వాళ్లు నవ్వుతుంటే చూడ్డం ఆయనకిష్టం.

మా నాన్నకు రేవులో దెబ్బ తగిలిందన్న కబురు కూడా అలాగే ఆగింది. నేను అమ్మ పక్కనే ఉన్నాను. అమ్మ కొంగు నోట్లో కుక్కుకుని మరీ నవ్వుతోంది. సినిమా చివరికొచ్చింది కదా, దెబ్బే కదా అనుకున్నాడట మావయ్య. దీపాలు వెలిగాక చెప్పాడు. మేం ఆసుపత్రికి చేరేసరికి నాన్న లేడు.

ఆసుపత్రి వరండాలో అందరి ముందూ అమ్మ, మా వెంట వచ్చిన మావయ్య చొక్కా పట్టుకుంది. "నా పెనిమిటి సస్తంటే నన్ను కూకోబెట్టి నవ్వించినావు గదరా!" అంది. ఆ తర్వాత ఆయనతో మాట్లాడలేదు. ఆ హాలు గడపా తొక్కలేదు.

ఆనాటి నుంచి మావయ్య ఏ కబురూ ఆపలేదు. మేక తాడు తెంపుకుందన్నా సరే, మంచి రసపట్టులో టార్చి వేసుకుని వచ్చేసేవాడు. జనం విసుక్కునేవారు.

"ఏటి మావయ్యా, అయినాక సెప్పొచ్చు గదేటి?"

"అయినాక అన్న మాట నాకాడ నేదు నాయినా."

తర్వాత ఇళ్లలోకి టీవీలొచ్చాయి, తెలుగు ఆట ఆగిపోయింది. కొన్నాళ్లకు హాలే మూతపడింది. పక్కపేట మెటియాబ్రుజ్ దర్జీలు అందులో గుడ్డ బేళ్లు పెట్టుకున్నారు. ఇప్పుడు ఫ్లాట్లు కడతారని చుట్టూ రేకులు కొట్టారు. మావయ్య కాపలా మనిషిగా అదే గేటు దగ్గర కుర్చీ వేసుకుని మిగిలాడు. నేను కనబడితే చేతిలో టీ పక్కన పెట్టి అడిగేవాడు.

"ఏటే కోడలా, మీ యమ్మ నా గురించి ఏటైనా అన్నాదేటి?"

లేదు మావయ్యా అనేదాన్ని. తల ఊపి మళ్లీ టీ అందుకునేవాడు. చివరికి నా పెళ్లిలో అక్షింతలు వేస్తూ కూడా అదే ప్రశ్న. జవాబు చెప్పీ చెప్పీ నాకే ఓపిక పోయింది. ఇంట్లో అమ్మను కదిపితే, "నోర్మూసుకుని బియ్యం కడుగు" అనేది.

ఆయన పోయాడని ఇంటికెళ్లి చెప్పాను. అమ్మ చీర మార్చుకుంది. మోకాళ్లు పట్టేసినా నా భుజం ఆసరాతో నడిచొచ్చింది. ఆయన్ను రేకుల ముందు చాప మీద పడుకోబెట్టారు. అమ్మ వెళ్లి ఆయన తల దగ్గర కూర్చుంది.

"అన్నియ్యా," అంది. నాన్న పోయాక ఆ పిలుపు మళ్లీ వినడం అప్పుడే.

"నా పెనిమిటి దెబ్బ తగిలినకాడే పోనాడు. డాక్టరు బాబు ఆ రోజే నాకు సెప్పినాడు. నువ్వు బేగి పిలిసినా నాకు దక్కేవోడు కాడు. ముందు కోపంతో నీకు సెప్పనేదు. తరవాత సిగ్గేసి సెప్పనేకపోనాను."

ఇన్నేళ్లా అమ్మా! నాకు ఒళ్లు మండింది కానీ అరిచే ఓపిక లేదు. ఒక్క మాట చాలు కదా ఆయనకు.

పాడె సిద్ధమైంది, పొద్దుపోతోంది, లేవండమ్మా అని ఎవరో అంటున్నారు. అమ్మ ఆయన చెవి మీది పూలు పక్కకు తీసి, మళ్లీ మొదటి నుంచి చెప్పడం మొదలుపెట్టింది.