నెల పాసు

బోధన్‌లో మంచం పట్టిన భార్యకు గంజి తాగించి, మూతి తుడిచి, భోజన్న సారు తెల్లారకముందే నిజామాబాద్ బస్సెక్కుతాడు. అక్కడ బస్సు మారితే గానీ బాల్కొండలో ఆయన బడి రాదు. సొంతూరికి బదిలీ చేయమని పెట్టుకున్న అర్జీని ఎటూ తేల్చడం లేదని కోర్టుకెక్కి ఏళ్లయింది.

"నెల పాసు తీస్కోరాదుండ్రి సారూ" అంటాడు కండక్టర్ వేణు.

"ఎందుకు వేణూ, వచ్చే వారం ఆర్డరొస్తది" అని రోజూ టికెట్టే కొంటాడు.

అర్జీ తేల్చమని కోర్టు చెప్పినా కదలని అధికారులు, జడ్జి గట్టిగా మందలించాక మొన్న తేల్చేశారు, బదిలీ కుదరదని. కోర్టు అడిగింది ఆలస్యం సంగతే. అది తీరింది గనుక కేసు మూసేసింది.

ఈ పొద్దు వేణు అలవాటుగా టికెట్టు కొట్టబోతే, భోజన్న చెయ్యి అడ్డం పెట్టాడు.

"పాసుకు ఫొటోలెన్ని కావాలె, వేణూ?"