నాలుక కింద రెండు కోతలు

నల్లగొండలో టీచర్ ట్రైనింగుకు ఆడపిల్లల్ని ఎంపిక చేస్తున్న రోజది. నాకు పదిహేడేళ్లు. ఎనిమిదో తరగతి పాసైన ఆడపిల్లలు మా వైపు వేళ్ల మీద లెక్కపెట్టేటంత మందే ఉన్న కాలం. అందుకని నాకు సీటు వచ్చినట్టేనని మోత్కూరులో మా వీధి మొత్తం ముందే తేల్చేసింది. నేనూ తేల్చేసుకున్నాను. లోపల బల్ల వెనక కూర్చున్న ఇన్‌స్పెక్టరమ్మ పేరు అడిగింది. చెప్పాను. "ఏమన్నవు?" అంది. మళ్లీ చెప్పాను. కాగితంలో చూసుకుని "అండాలా?" అంది. తల ఊపాను. ఇందులో నాకు కొత్తేమీ లేదు. బుద్ధెరిగినప్పటి నుంచి కొత్తవాళ్లకు నా పేరు రెండుసార్లు చెప్పడమే అలవాటు.

తరువాత వాచకం ఇచ్చి చదవమంది. నాలుగు వాక్యాలు అయ్యేసరికి చెయ్యెత్తి ఆపింది. ముఖంలో కోపం లేదు.

"నాలుక బయటికి పెట్టు బిడ్డా."

పెట్టాను.

"ఇంకా."

ఇంకా లేదు. నాలుక కొన కింది పళ్ల దగ్గరే ఆగిపోయింది. అందరి నాలుకా అంతేనని అప్పటిదాకా నా నమ్మకం. ఒకరి నోట్లోకి ఒకరం తొంగి చూసుకోము కదా.

"నీ రాత మంచిగున్నది. గని పిల్లలకు అక్షరం పలికి చెప్పాల్సినదానివి. నీకే ర, ల, డ పలుకుతలేవు. దవాఖానల చూపించుకో. బాగైతే వచ్చే ఏడు రా, నీ దరఖాస్తు నేను పారేయను" అంది.

బయట మా నాన్న, బాపు, రొట్టెల మూట పట్టుకుని నిలబడి ఉన్నాడు. బాపు మగ్గం నేసేవాడు. చీర అంచు ఒక్క పోగు తప్పినా విప్పి మళ్లీ నేసే మనిషి. సంగతి విని నన్ను నోరు తెరవమన్నాడు. రోడ్డు పక్కనే, జనం చూస్తుండగానే తెరిచాను. చాలాసేపు చూశాడు.

"కింద తీగ ఉన్నది" అన్నాడు. "గింతదానికేనా?"

గింతదే. కానీ నా బతుకంతా దాని దగ్గరే ముడిపడి ఉందని నాకు అక్కడే తెలిసింది. బస్సులో ఏడుస్తూనే వచ్చాను.

ఆ తీగ సంగతి ఇంట్లో ఆడవాళ్లకు మొదటి నుంచీ తెలుసట. నేను పుట్టినప్పుడు రొమ్ము పట్టలేక జారిపోయేదాన్నని అమ్మ చెప్పింది. దూదివత్తి పాలలో ముంచి నోట్లో పిండి బతికించింది. మంత్రసాని గోటితో తెంపేస్తానందట. మా అవ్వ, అంటే బాపు తల్లి, ఒప్పుకోలేదు. "నేసేటోళ్ల ఇంట్ల పోగును అతుకుతరు గని తెంపుతరా?" అందట. మాటలు ఆలస్యమైతే వస కొమ్ము అరగదీసి నాకించింది. మాటలు వచ్చాయి. ఇంట్లోవాళ్లకు అర్థమయ్యేవి. కాకి పిల్ల కాకికి ముద్దు.

నాలుగో రోజున బాపు నన్ను నల్లగొండ దవాఖానకు తీసుకుపోయాడు. డాక్టరు నడివయసు మనిషి, హైదరాబాదులో చదివొచ్చినవాడు, మాట తక్కువ. వేలితో నాలుక పైకెత్తి చూశాడు. కొనను ఆ తీగ కిందికి లాగుతుండడంతో నాలుక మధ్యలో చిన్న నొక్కు పడిందని చూపించాడు.

"దీన్ని టంగ్ టై అంటరు. ఈ తీగ పేరు ఫ్రీనమ్. ఫ్రీనమ్ అంటే కళ్లెం అన్నట్టు. అందరికీ ఉంటది. నీకు పొట్టిగున్నది, నాలుకను లేవనిస్తలేదు."

"ఏం చేస్తరు సార్?" అన్నాడు బాపు, మంత్రసాని సంగతి కూడా చెప్పి.

"ఫ్రీనాటమీ. ఫ్రీనమ్‌ను కోసుడు. పసిపిల్లకైతే ఒక్క నిమిషం పని. మంత్రసాని గోరు పెట్టకపోవుడే మంచిదైంది, చీము పట్టేది, రక్తం ఆగకపోయేది. కానీ అప్పుడే దవాఖానకు తేవాల్సింది."

బాపు తల వంచుకున్నాడు. డాక్టరు నా వైపు తిరిగాడు.

"విను. ఆపరేషన్‌తో మాట రాదు. నాలుకకు జాగా వస్తది, అంతే. మాట నువ్వు నేర్చుకోవాలె."

చెవి తమ్మెకు సూది గుచ్చి బ్లీడింగ్ టైమ్, క్లాటింగ్ టైమ్, అంటే రక్తం ఎంతసేపట్లో ఆగుతుందో, గడ్డకడుతుందో చూశారు. మరునాడు ఉదయం నాలుక కింద ఇంజెక్షన్ ఇచ్చారు. మధ్యలో చీలిక ఉన్న ఒక చిన్న రేకుతో నాలుకను పైకెత్తి పట్టుకుని కత్తెరతో ఒక్కసారి కత్తిరించారు. చప్పుడు వినపడింది కానీ నొప్పి తెలియలేదు. గాజుగుడ్డ నొక్కి పెట్టి కూర్చోబెట్టారు. మధ్యాహ్నానికి ఇంటికి పొమ్మన్నారు.

పోయే ముందు డాక్టరు చెప్పాడు: "రేపటి నుంచి ఎక్సర్‌సైజ్. నాలుక పైకెత్తు, అంగుటికి తాకించు, బయటికి చాపు. దినాం ఐదారు సార్లు. నొస్తది, నొచ్చినా చెయ్యి. ఆపొద్దు." మేమిద్దరం తలూపాం. బాపు చేతులు కూడా జోడించాడు.

ఇంటికి చేరగానే అవ్వ నోరు తెరిపించి చూసింది. ఎర్రగా పచ్చిగా ఉన్న గాయం చూసి నుదురు కొట్టుకుంది.

"పచ్చి పుండును కదిలించమంటడా? కాలికి దెబ్బ తాకితే పరుగుపందెం ఉరుకుతవా? మానేదాంక మూగనోము పట్టు."

అమ్మ "డాక్టరు చెప్పిండు కదత్తా" అని నసిగింది. అవ్వ వినలేదు. బాపు తన తల్లి మాటకు ఎన్నడూ ఎదురు చెప్పినవాడు కాదు, ఆ రోజూ చెప్పలేదు. నిజం చెప్పాలంటే నేనూ చెప్పలేదు. సాయంత్రానికి మత్తు దిగి నోరు సలుపుతోంది. నాలుక ఎత్తాలంటే భయం. అవ్వ మాట నాకు హాయిగా ఉంది. రోగి కోరిందీ పాలే, వైద్యుడు చెప్పిందీ పాలే అంటారు. మా ఇంట్లో వైద్యుడొకటి చెబితే రోగి అవ్వను వైద్యురాలిగా పెట్టుకుంది.

మూడు వారాలు నోరు మెదపలేదు. జావ, మజ్జిగన్నం. కావలసింది పలక మీద రాసి చూపించేదాన్ని. అవ్వకు చదువు రాదు కాబట్టి ఆమెకు సైగలు. గాయం చక్కగా మానింది. వీధిలోవాళ్లకు అవ్వ నా నోరు తెరిపించి మరీ చూపించింది.

ఇరవై రెండో రోజున మాట్లాడబోతే నాలుక కదలలేదు. ఇంతకుముందు కింది పళ్ల దాకా అయినా వచ్చేది, ఇప్పుడు అక్కడిదాకా కూడా రావడం లేదు. కింద తీగ ఉన్నచోట గట్టి తాడులాంటిది చేతికి తగిలింది. అద్దం ముందు నిలబడి ఇన్‌స్పెక్టరమ్మ మాట గుర్తుచేసుకున్నాను. వచ్చే ఏడు. అందులో అప్పుడే దాదాపు నెల పోయింది. అవ్వ మీద వచ్చిన కోపం అంతా ఇంతా కాదు. నా మీద వచ్చింది అంతకన్నా ఎక్కువ.

డాక్టరు చూసీ చూడగానే అన్నాడు: "ఎక్సర్‌సైజ్ చెయ్యలే."

బాపు దాచలేదు. "పచ్చి గాయం కదిలిస్తే మానదని ఊకున్నం సార్."

"మానింది కదా, మంచిగ మానింది! కోసినంక పైన ఒక పచ్చి మొఖం, కింద ఒక పచ్చి మొఖం ఉంటయి. కదలకుండా ఒకదానికొకటి ఆనుకుని ఉంటే ఏమైతది? రెండూ అతుక్కుని స్కార్ అయితది. కదులుతుంటే దేనికది మానుతది."

బాపు డాక్టరుతో కాక తనతో తాను మాట్లాడుకున్నట్టు అన్నాడు:

"గంజి పెట్టిన పడుగు లెక్క."

"అదేంది?"

"నిలువు పోగులు సార్. తెల్లారగట్ల బజార్ల పొడుగ్గ సాగదీసి గంజి పెడ్తం. పెట్టి ఊకుంటే పోగుకు పోగు అంటుకుని కట్టె అయితది. ఇగ నేసుడు లేదు. అందుకని ఆరేదాంక కుంచెతోని దువ్వుతనే ఉంటం. చెయ్యి ఆపం."

"గదే" అన్నాడు డాక్టరు. "నీకు నాకంటే మంచిగ తెలుసు."

బాపు కళ్లలో నీళ్లు తిరిగాయి. చిన్నప్పటి నుంచి ఆ పనే చేస్తున్న మనిషి. కుంచె ఆపితే ఏమవుతుందో మా వాడలో పసిపిల్లలకు కూడా తెలుసు. ఆ తెలివి ఇంటి గడప లోపలికి రాలేదు.

ఈసారి వెంటనే కోయనన్నాడు డాక్టరు. మచ్చ మెత్తబడాలని మూడు నెలలు ఆగమన్నాడు. కేస్ షీట్ మీద రాసిన మాట ఈసారి కొంచెం వేరుగా కనిపిస్తే అడిగాను. నాకు ఇంగ్లీషు అక్షరాలు వచ్చని ఆయనకు ఆశ్చర్యం వేసింది.

"ఇది ఫ్రీనెక్టమీ. టమీ అంటే కోసుడే, ఎక్టమీ అంటే కోసి తీసేసుడు. ఫస్ట్ టైమ్ తీగను తెంపినం, అది నోట్లనే ఉన్నది. ఇప్పుడు స్కార్‌తో సహా తీసేసి కుట్లేస్త. పెద్ద మనుషులకు, రెండోసారి వచ్చినోళ్లకు ఇట్ల చెయ్యాల్సి వస్తది."

రెండో ఆపరేషన్ నిమిషం పని కాదు. ఇంజెక్షన్లు మూడు ఇచ్చారు. కరిగిపోయే క్యాట్‌గట్ దారంతో కుట్లు వేశారు. నాలుక వాచి నోరంతా అదే అయింది. నాలుగు రోజులు దవాఖానలో ఉంచి పెన్సిలిన్ ఇచ్చారు, ఉప్పునీళ్లు పుక్కిలించమన్నారు. రెండో రోజు నుంచే డాక్టరు రౌండ్స్‌కు వచ్చినప్పుడల్లా "ఎత్తు" అనేవాడు. కళ్ల నీళ్లు కారుతుంటే ఎత్తేదాన్ని. "కుట్లు ఊడవా సార్?" అని అమ్మ అడిగితే, "ఎంత ఎత్తాలెనో నేను చూస్తున్న కదా" అన్నాడు.

ఇంటికి వచ్చిన మరునాడు తెల్లవారుజామున బాపు నన్ను లేపాడు. వీధిలో పడుగు సాగదీసి ఉంది.

"నేను కుంచె ఆపేదాంక నువ్వు నాలుక ఆపొద్దు" అన్నాడు.

పడుగుకు అటు పక్క బాపు, ఇటు పక్క నేను. ఆయన ఈ కొస నుంచి ఆ కొస దాకా దువ్వుకుంటూ నడిస్తే నేను నాలుక అంగుటికి తాకిస్తూ, బయటికి చాపుతూ వెంట నడిచేదాన్ని. కొస చేరగానే వెనక్కి. గంజి ఆరేదాకా అంతే. పడుగు లేని రోజున ఉత్త వీధిలోనే నడిపించాడు. పక్కింటి లక్ష్మమ్మ చాయ తాగుతూ "మీ పిల్లకు కాళికమ్మ పూనిందా ఏంది?" అని రోజూ అడిగేది. నవ్వితే కుట్లు లాగేవి. అవ్వ మొదటి వారం గుమ్మంలోకే రాలేదు. రెండో వారం వచ్చి అరుగు మీద కూర్చుంది. మూడో వారం, నేను ఒక కొస దగ్గర ఆగితే "ఆగినవేందే, నడువు" అంది. తప్పయిందని అవ్వ నోటితో చెప్పలేదు. నేను అడగలేదు.

కుట్లు కరిగాక అక్షరాలు మొదలుపెట్టాను. ల ముందు వచ్చింది. డ, ట తరువాత. ర చాలా రోజులు సతాయించింది. నెలల తరబడి పాలవాడి నుంచి పూజారి దాకా అందరికీ రామరామ చెప్పాను.

ఏడాది తిరిగింది. అదే బల్ల, అదే ఇన్‌స్పెక్టరమ్మ. పేరు అడిగింది. చెప్పాను. రాసుకుని వాచకం ఇచ్చింది. పేజీ మొత్తం చదివించి, "ర ఇంకా జర మెత్తగున్నది, చేస్తనే ఉండు" అని సంతకం పెట్టింది.

బయటికి వస్తే బాపు లేచి నిలబడ్డాడు.

"ఏమడిగింది?"

"పేరు."

"ఎన్నిసార్లు?"

"ఒక్కసారే."

బాపు రొట్టెల మూట విప్పి నా చేతిలో పెట్టాడు.

ఇది జరిగి పదేళ్లు కావస్తోంది. ఇప్పుడు చిట్యాలలో ఒకటో తరగతికి పాఠాలు చెబుతున్నాను. అలసిపోయిన సాయంత్రం ర ఇప్పటికీ కొంచెం మెత్తబడుతుంది, దానితో నాకు పేచీ లేదు. బడిలో కొత్తగా చేరిన పిల్లలందరినీ మొదటి రోజు నాలుక బయట పెట్టమంటాను. వాళ్లకది ఆట. పోయిన ఏడు ఒక పిల్ల నాలుక పళ్లు దాటలేదు. తల్లికి చెప్పి దవాఖానకు పంపాను.

పాలు పట్టలేని పసిబిడ్డ ఉన్నా, కొన్ని అక్షరాలు తిరగని పిల్ల ఉన్నా నాలుక కింద చూడండి. గోటితో, బ్లేడుతో ఎవరినీ తెంపనివ్వకండి, డాక్టరుకు చూపించండి. అన్ని తీగలూ కోయాల్సినవి కావు, అది ఆయనే చెబుతాడు. ఫ్రీనాటమీ అయినా ఫ్రీనెక్టమీ అయినా, బస్సెక్కే ముందు ఒక పని చేయండి. రేపటి నుంచి ఇంట్లో చేయమన్నదాన్ని డాక్టరు ఎదుటే ఒకసారి చేసి చూపించండి, ఇంట్లో మా అవ్వలాంటి పెద్దామె ఉంటే ఆమెను కూడా పక్కన నిలబెట్టుకోండి. మొదటిసారి మేం ఆ పని చేయలేదు. తలూపి వచ్చాం.